పూజ మధ్యలో లేవాల్సి వస్తే దోషమా?

ప్రశ్న: మాది తిరుపతిలో కొర్లగుంట. పొద్దున ఆరున్నరకు పూజలో కూర్చుంటాను. వేంకటేశ్వర అష్టోత్తరం, విష్ణు సహస్రనామం రోజూ చదవాలని పెట్టుకున్నాను. దీపం వెలిగించానో లేదో కుక్కర్ కూత వేస్తుంది, చెత్తబండి విజిల్ వినబడుతుంది, పూలామె గేటు కొడుతుంది, మంచం మీదున్న మా అత్తమ్మ పిలుస్తుంది. శ్లోకాలు ఫోన్‌లో చూసి చదువుతాను, అందులో వాట్సాప్ మెసేజీలు వస్తూనే ఉంటాయి. లేచి వెళ్ళి వచ్చేసరికి దీపం కొండెక్కి ఉంటుంది. మధ్యలో లేస్తే దోషమని మా ఆడబిడ్డ అంటుంది. ఏ అడ్డూ లేని రోజున కూడా నోరు చదువుతుంటే మనసు పిల్లల ఫీజుల మీద, ఇంటి బాడుగ మీద ఉంటుంది. కొండకు పోయినా ఇంతే. గంటలకొద్దీ లైన్లో నిలబడి స్వామి ముందుకు వచ్చాక ఏం చూశానో గుర్తుండదు. తెల్లవారుజామున మూడింటికే లేచి చేసుకుంటే బాగుంటుందా?
ఒక పాఠకురాలు, తిరుపతి

సమాధానం: అమ్మా, ముందు దోషం సంగతి తేల్చుకుందాం. ఆ భయం పెట్టుకుని కూర్చుంటే మిగతా జాగ్రత్తలేవీ పనికిరావు. మీ ఇంట్లో వ్రతకల్పం పుస్తకం ఏదైనా ఉంటే తీసి, పూజ ముగిసే చోట చూడండి. "మంత్రహీనం క్రియాహీనం భక్తిహీనం జనార్దన, యత్పూజితం మయా దేవ పరిపూర్ణం తదస్తు తే" అన్న శ్లోకం కనిపిస్తుంది. మంత్రంలో తప్పు దొర్లినా, చేతల్లో లోటు వచ్చినా, చివరికి భక్తే తక్కువైనా, ఈ పూజను నిండుగా చేసినట్టే స్వీకరించు స్వామీ అని దాని తాత్పర్యం. ఎక్కడో ఒకచోట లోపం వస్తుందని పెద్దలకు తెలుసు. అందుకే దాన్ని దిద్దుకునే మాటను పూజలోనే ఒక భాగంగా పెట్టారు. నిత్యపూజలో అవసరం వచ్చి లేచినంత మాత్రాన మీకు ఏ పాపమూ చుట్టుకోదు. మొక్కుకుని పట్టిన వ్రతం, హోమం, దీక్షగా చేసే పారాయణ వేరు. వాటి నియమాలు గట్టివి కాబట్టి మీ పురోహితుణ్ణి అడిగి చేసుకోండి.

గుడిలో ఎలా చేస్తారో చూడండి. నైవేద్యం వేళకు తెర వేస్తారు, గంట మోగిస్తారు. పెళ్ళిలో తాళి కట్టే క్షణాన మేళం ఒక్కసారిగా గట్టిగా వాయించేది, ఆ నిమిషంలో అనరాని మాట ఏదీ ఎవరి చెవినా పడకూడదని. చుట్టూ చప్పుడు ఉంటుందన్న లెక్కతోనే ఈ ఏర్పాట్లన్నీ చేశారు. చప్పుడు లేని ఇల్లు దొరికేదాకా మీరూ ఆగనక్కర్లేదు. పూజలో ఏ ఘట్టాన్ని కాపాడుకోవాలి, ఎక్కడ ఆగినా ఫర్వాలేదు అన్నది తెలిస్తే సగం బెంగ తీరుతుంది.

కాపాడుకోవాల్సిన ఘట్టాలు మూడే. ఆచమనం చేసి సంకల్పం చెప్పుకునే రెండు నిమిషాలు ఒకటి. నైవేద్యం పెట్టి, చుట్టూ నీళ్ళు తిప్పి, ప్రాణాయ స్వాహా, అపానాయ స్వాహా అంటూ ఐదు సార్లు సమర్పించి, తాగడానికి నీళ్ళు చూపించే రెండు నిమిషాలు ఇంకొకటి. మూడోది హారతి. కర్పూరం అంటించింది మొదలు అది కొండెక్కేదాకా అక్కడి నుంచి కదలకూడదు, అందులో నిప్పు భయం కూడా ఉంది కాబట్టి. మూడూ కలిపినా ఐదారు నిమిషాలు దాటవు. ఆ కాస్సేపు ఎవరు పిలిచినా "వస్తున్నా, ఉండండి" అనడం తప్పు కాదు, ప్రాణం మీదికి వచ్చిన పని అయితే తప్ప.

మిగతాదంతా ఆపి మళ్ళీ అందుకోవచ్చు. స్తోత్రం చదువుతుండగా పిలుపు వస్తే ఆ శ్లోకం చివరిదాకా చదవండి. ఆ వరుస మీద ఒక పూరేకు పెట్టి, నమస్కారం చేసి లేవండి. తిరిగి వచ్చాక కాళ్ళూ చేతులూ కడుక్కుని, ఒకసారి ఆచమనం చేసి, ఆ తర్వాతి శ్లోకం నుంచి సాగించండి. మొదటి నుంచి మళ్ళీ మొదలుపెట్టొద్దు. చాలామంది ఇక్కడే చిక్కుకుంటారు. అడ్డు వచ్చిన ప్రతిసారీ మొదటికి పోతే పావుగంట పూజ గంటవుతుంది, గంటయ్యేసరికి విసుగు వస్తుంది, ఆ విసుగు పిల్లల మీద కేకలై బయటపడుతుంది. అంతరాయం కంటే దాని మీద మనకొచ్చే చిరాకే పూజను ఎక్కువ పాడుచేస్తుంది.

అష్టోత్తరానికి ఇంకో వెసులుబాటు ఉంది. పూలో తులసిదళాలో అక్షతలో, దేనితో అర్చన చేస్తారో దాన్ని ముందే 27 చొప్పున నాలుగు చిన్న గిన్నెల్లో పెట్టుకోండి. ఒక గిన్నె ఖాళీ అయితే 27 నామాలు అయినట్టు. మధ్యలో లేచినా లెక్క తప్పదు, ఎక్కడున్నానబ్బా అని వెతుక్కోవాల్సిన పని ఉండదు. పుస్తకంలో కూడా 27, 54, 81వ నామాల పక్కన పెన్సిల్‌తో గీత పెట్టుకోండి. నామానికి మూడు సెకన్లు వేసుకున్నా 108 నామాలు ఐదారు నిమిషాల్లో అయిపోతాయి.

ఇక వేళ. ఆరున్నర నుంచి ఎనిమిది దాకా ఏ ఇంట్లోనైనా పని ఒత్తిడి మహా ఎక్కువ. పాలు, నీళ్ళు, టిఫిన్లు, స్కూలు ఆటోలు అన్నీ అప్పుడే. పూజను ఆ వేళలో పెట్టుకుంటే ఎంత నిగ్రహం ఉన్నా గెలవడం కష్టం. అలాగని మూడింటికి లేవమని మేం చెప్పం. తిరుమలలో సుప్రభాతం వేకువన మూడింటి ప్రాంతంలో మొదలవుతుంది కదా, ఇంట్లోనూ అంతే అనుకుంటారు చాలామంది. శాస్త్రం గొప్పగా చెప్పే బ్రాహ్మీ ముహూర్తం కూడా సూర్యోదయానికి 96 నిమిషాల ముందు మొదలై 48 నిమిషాలు ఉంటుంది. తిరుపతిలో సూర్యోదయం వేసవిలో ఇంచుమించు 5:45కు, జనవరిలో 6:40 ప్రాంతంలో. అంటే ఆ ముహూర్తం వేసవిలో నాలుగు దాటాక, చలికాలంలో ఐదు దాటాక వస్తుంది. రాత్రి పదకొండుకు పడుకునే మనిషి మూడింటికి లేస్తే పదిరోజులు నడుస్తుందేమో. ఆ తర్వాత దీపం ముందు కునికిపాట్లు మొదలవుతాయి, చీర కొంగుకు దీపం ఆమడ దూరంలో ఏమీ ఉండదు. పడుకునే వేళను ముందుకు జరపకుండా లేచే వేళను మాత్రం జరపొద్దు. అరగంట ముందు పడుకుని, ఐదున్నరకల్లా పూజలో కూర్చుని, ఆరింటికి ముందే లేచిపోయేట్టు పెట్టుకోండి.

అరగంటలో అన్నీ పట్టవు కదా అంటారు. నిజమే, పట్టవు. సహస్రనామం ఒక్కటే నిదానంగా చదివితే అరగంట తీసుకుంటుంది. నామాల శ్లోకాలను రోజుకు 18 చొప్పున ఆదివారం నుంచి శుక్రవారం దాకా చదవండి. ఆరు రోజుల్లో 108 శ్లోకాలు పూర్తవుతాయి. శనివారం సాయంత్రం దీపం పెట్టాక, ఇల్లు కాస్త కుదుటపడిన వేళ, పీఠికతో, ఫలశ్రుతితో సహా మొత్తం చదువుకోండి. దీక్షగా పట్టినవారు ఇలా విడగొట్టరు. మీది నిత్యపూజ, మీకిది చాలు. రోజూ హడావిడిగా మింగేసే వెయ్యి నామాల కంటే నోరారా పలికిన పద్దెనిమిది శ్లోకాలు మేలని మా గట్టి నమ్మకం.

వంటింటికి ఒకటే నియమం: మీరు పీట మీద కూర్చున్నంతసేపు స్టవ్ మీద మంట ఉండకూడదు. పాలు అసలే వద్దు, చెవి మొత్తం వాటి మీదే ఉంటుంది. కుక్కర్‌కు మంచి ఉపాయం ఉంది. మూడు కూతలు రానిచ్చి, స్టవ్ ఆపేసి, అప్పుడు వెళ్ళి కూర్చోండి. ఆవిరి దానంతటది దిగడానికి పది, పదిహేను నిమిషాలు పడుతుంది. ఆ వేడికే అన్నం, పప్పు మగ్గిపోతాయి, మీ పూజా అయిపోతుంది. నైవేద్యానికి రోజూ వండాలన్న పట్టుదల కూడా వదిలేయండి. ఆకైనా, పువ్వైనా, పండైనా, నీళ్ళైనా భక్తితో ఇస్తే తీసుకుంటానని గీత తొమ్మిదో అధ్యాయంలో స్వామే అన్నాడు. అరటిపండు, బెల్లంముక్క, నాలుగు ఎండుద్రాక్షలు ఏవైనా సరే. చక్కెర పొంగలి శనివారానికి ఉంచుకోండి. నైవేద్యం గిన్నె మీద మూత పెట్టి, కిందొక పళ్ళెంలో కాసిని నీళ్ళు పోసి అందులో ఉంచితే చీమలు పట్టవు. బెల్లంముక్క పెట్టే ఇళ్ళల్లో ఇది తప్పనిసరి.

దీపం ఎందుకు కొండెక్కుతుందో చూద్దాం. ఇందులో శకునం ఏమీ లేదు. నూటికి తొంభైపాళ్ళు కారణం కుందిలోనో, వత్తిలోనో, ఫ్యానులోనో ఉంటుంది. పొద్దున కడిగి తడి ఆరకుండానే నూనె పోస్తే అడుగున నీటిచుక్క మిగులుతుంది. వత్తి దాన్ని పీల్చగానే చిటపటలాడి ఆరిపోతుంది. కాబట్టి కుందులను రాత్రే కడిగి, పొడిగుడ్డతో తుడిచి బోర్లించండి. వత్తి రెండు పోగులు కలిపి కాస్త బిగువుగా నలిపినదై ఉండాలి. వదులైతే మసి కడుతుంది, మరీ గట్టిదైతే నూనె ఎక్కదు. వెలిగించడానికి కనీసం ఐదు నిమిషాల ముందు నూనెలో పూర్తిగా నానాలి. బయటికి కందిగింజంత కొస ఉంటే చాలు, ఎక్కువ బయటికి లాగితే పొగ వస్తుంది, తొందరగా కాలిపోతుంది. చిన్న కుందిలో మూడు చెంచాల నువ్వులనూనె మీ పూజకు మించి వెలుగుతుంది. నెయ్యి అయితే ధనుర్మాసం చలికి గడ్డకడుతుంది. కరిగించి పోసి, వత్తి కొసకు చిటికెడు కర్పూరం అద్దితే ఒక్క పుల్లకే అంటుకుంటుంది. హాల్లో ఫ్యాను గాలి నేరుగా పూజ అలమార మీదికి వస్తుంటే ఒక తలుపు మూయండి, లేదా కుందికి గాజు చిమ్నీ పెట్టుకోండి. అయినా ఆరిందా, "స్వామీ" అని మళ్ళీ వెలిగించండి, అంతే. పూజలోంచి లేచి వెళ్ళాల్సి వస్తే దీపం చుట్టూ మూరెడు దూరంలో గుడ్డ, కాగితం, పూలదండ కొస ఏదీ లేకుండా చూసుకుని వెళ్ళండి. అగ్గిపెట్టె, కర్పూరం మూత ఉన్న డబ్బాలో పీట పక్కనే పెట్టుకోండి, వాటి కోసం లేచే లేవడం ఉండకూడదు.

ఫోన్ గురించి కాస్త గట్టిగానే చెప్పాలి. స్తోత్రం ఫోన్‌లో చదవొద్దు. మెసేజీలు ఒక్కటే కాదు, అరనిమిషానికి తెర నల్లబడుతుంది, పసుపు కుంకుమల తడిచేత్తో తాకితే తెరుచుకోదు, తుడుచుకుని తెరిచేసరికి పైన ఎవరిదో పేరు కనిపిస్తుంది, ఆ పేరు వెంట మనసు పోతుంది. గోవిందరాజస్వామి గుడి చుట్టుపక్కల అంగళ్ళల్లో స్తోత్రాల పుస్తకాలు దొరుకుతాయి. చేతిలోకి తీసుకుని, మీ కంటికి మూరెడు దూరంలో అక్షరం స్పష్టంగా కనిపించేది చూసి కొనండి. చెక్క వ్యాసపీఠం మీద పెట్టుకుంటే రెండు చేతులూ ఖాళీగా ఉంటాయి.

సుప్రభాతం యూట్యూబ్‌లో పెట్టే అలవాటుంటే, ప్రపత్తికీ మంగళాశాసనానికీ మధ్యలో సబ్బుల ప్రకటన రావడం మీకు తెలిసే ఉంటుంది. ఆడియోను పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించి చిన్న స్పీకర్‌లో పెట్టండి. అది కూడా మీరు చదవడం మొదలుపెట్టక ముందే ముగియాలి. స్పీకర్ ఒకటి, మీ నోరు ఒకటి చదువుతుంటే మనసు రెంటినీ వదిలేస్తుంది. ఇక ఫోన్ పూర్తిగా ఆపేస్తే పిల్లల స్కూలు వాళ్ళో, ఊళ్ళో అమ్మానాన్నలో అత్యవసరంగా చేస్తే ఎలా అన్న బెంగ ఉంటుంది. సెట్టింగుల్లో డు నాట్ డిస్టర్బ్ పెట్టి, నలుగురైదుగురు దగ్గరివాళ్ళ నంబర్లకు మాత్రం అనుమతి ఇవ్వండి. ఒకే నంబరు నుంచి వెంటవెంటనే రెండోసారి వస్తే మోగాలన్న ఏర్పాటు కూడా అక్కడే ఉంటుంది, దాన్ని ఆన్ చేసి పక్కగదిలో పెట్టేయండి. పూజ ఫొటో స్టేటస్‌లో పెట్టాలని ఉంటే ప్రసాదం తీసుకున్నాక తీసుకోండి. హారతి వేళ ఫొటో తీసేవాళ్ళు హారతిని చూడరు.

గేటు పనులకు మనుషులతో మాట్లాడుకోవడమే మందు. పూలామెకు, పాలవాళ్ళకు గేటుకు తగిలించిన సంచి చూపించి, అందులో వేసి వెళ్ళమనండి, డబ్బు నెలకొకసారి. చెత్తడబ్బాలు మూతవేసి రాత్రే గేటు లోపల పెట్టండి, ఆవులు, కుక్కలు లాగకుండా. విజిల్ వినబడగానే బయట పెట్టే పని మీ వారిదో, పెద్దపిల్లలదో చేయండి. ఇల్లందరిదీ, పూజ ఫలం అందరికీ కావాలి, గేటు మాత్రం మీ ఒక్కరిదే కావడం న్యాయం కాదు. ఆ అరగంట తలుపు, ఫోన్ వాళ్ళు చూసుకుంటామని ఒప్పుకుంటే వాళ్ళూ పూజలో పాలుపంచుకున్నట్టే.

అత్తమ్మ పిలుపు మాత్రం ఈ లెక్కలోకి రాదు. పండరిపురంలో పాండురంగడు ఇటుక మీద నిలబడింది, తల్లిదండ్రుల సేవలో ఉన్న పుండలీకుడు కాస్త ఆగమన్నాడని. స్వామే ఆగాడు, మీ శ్లోకం ఆగదా? అయితే ఆమె అవసరాలు ముందే తీరిస్తే పిలిచే పని తగ్గుతుంది. కూర్చునే ముందు బాత్రూము పని, కాఫీ, మాత్రలు అయ్యాయా చూసి, నీళ్ళ చెంబు చేతికందేట్టు పెట్టండి. పెద్దవాళ్ళు చాలాసార్లు పిలిచేది పనుండి కాదు, ఒంటరిగా ఉన్నామని. మంచం పూజ కనబడే వైపు తిప్పండి. మీరు "ఓం శ్రీనివాసాయ" అంటే ఆమె "నమః" అనేట్టు అలవాటు చేయండి. మాట స్పష్టంగా రాకపోయినా పెదవి కదిపితే చాలు. ఒకవేళ మధ్యలో లేచి ఆమెను శుభ్రం చేయాల్సి వస్తే మళ్ళీ స్నానం, మడి అని కంగారు పడొద్దు. ఆ పూటకు పూజ ముగిసిందనుకుని క్షమాప్రార్థన చెప్పుకుని, మిగిలింది సాయంత్రం స్నానం చేసి దీపం పెట్టాక చదువుకోండి.

లోపలి అడ్డు గురించి. పూజకు ముందు ఐదు నిమిషాలు ఒక కాగితం తీసుకుని ఫీజు ఎంత, ఏ తేదీకి, బాడుగకు ఎంత తక్కువపడింది, ఎవరిని అడగాలి, అన్నీ రాసి మడిచి పక్కన పెట్టండి. మరిచిపోతానేమో అన్న భయంతోనే మనసు ఒకే మాటను పదేపదే తిప్పుతుంది. రాసేస్తే ఆ భయం సగం పోతుంది. నామాలు మనసులో కాకుండా మీ చెవికి వినబడేంత గొంతుతో పలకండి, వేలితో అక్షరం వెంట వెళ్ళండి. నోరు, చెవి, కన్ను, వేలు నాలుగూ ఒక పనిలో ఉంటే మనసు దాటడం కష్టం. అర్థం తెలియని నామం దగ్గరే మనసు ఎక్కువగా జారుతుంది. అందుకే వారానికి తొమ్మిది నామాల అర్థం చొప్పున నేర్చుకోండి, పన్నెండు వారాల్లో 108 పూర్తవుతాయి. "అనామయాయ నమః" అంటే రోగమన్నది లేనివాడని తెలిస్తే, మంచం మీది అత్తమ్మ గుర్తొచ్చి ఆ నామం ప్రార్థన అవుతుంది. "శేషాద్రినిలయాయ" అన్నప్పుడు మీ మిద్దె మీద నుంచి రోజూ కనిపించే కొండే గుర్తొస్తుంది. ఇంత చేసినా మనసు పోతుంది. ఎక్కడెక్కడికి పోతే అక్కడి నుంచి వెనక్కి తెమ్మనే గీత ఆరో అధ్యాయం చెప్పింది, పోనివ్వద్దని కాదు. పోయిందని తెలిసిన చోటి నుంచే తర్వాతి నామం అందుకోండి. ఎన్నిసార్లు పోయిందో లెక్కపెట్టొద్దు.

చివరికి కొండ మీద దర్శనం. దీనికి సాధన ఇంట్లోనే. రోజూ పూజలో స్వామి పటాన్ని ఒకే వరుసలో చూడటం అలవాటు చేసుకోండి: ముందు పాదాలు, పాదాలను చూపిస్తున్న కుడి వరదహస్తం, నడుము మీది ఎడమ కటిహస్తం, వక్షస్థలంలో లక్ష్మీదేవి, పై చేతుల్లో శంఖచక్రాలు, ఆపై నామం, కిరీటం. ఒక్కొక్కదాని దగ్గర ఒక్క క్షణం. మొదట్లో అరనిమిషం పడుతుంది, అలవాటైతే ఐదారు సెకన్లలో కన్ను దానంతటది పాదాల నుంచి కిరీటం దాకా వెళ్తుంది. మీకు అక్కడ దొరికేవి కూడా ఆ కొద్ది సెకన్లే.

లైన్లో మనసును తినేవి చెప్పుల టోకెను, ఫోన్ డిపాజిట్ చీటీ, పిల్లలు. చీటీలన్నీ ఒక జిప్పు సంచిలో వేసి ఒక్కరి దగ్గరే ఉంచండి. ఏ పిల్లను ఎవరు పట్టుకోవాలో మహాద్వారం దాటకముందే చెప్పుకోండి. కోరికలు, మొక్కులు లైన్లోనే విన్నవించుకోండి, దానికి కావలసినంత సమయం ఉంటుంది. వెండివాకిలి దాటాక మాటలు ఆపేయండి, కళ్ళజోడు ఉంటే తుడిచి పెట్టుకోండి. బంగారు వాకిలి దగ్గర జయవిజయుల మధ్య నుంచి చూస్తారు కాబట్టి దూరం ఉంటుంది, లోపల వెలుగు తక్కువ. అందుకే పక్కవాళ్ళ తోపులాట చూడకుండా, ఓ పది అడుగుల ముందు నుంచే చూపు లోపలికి నిలపండి. స్వామి ఎదురుపడగానే చేతులు జోడించి కళ్ళు మూసుకోవడం చాలామంది చేసే పని. ఏం చూశానో గుర్తులేదని మీరు రాసిన దానికి మాకు తోచిన పెద్ద కారణం అదే. చేతులు జోడించండి, కళ్ళు తెరిచే ఉంచండి. "జరగండి" అనగానే వెనక్కి తిరగకుండా ముందుకు నడిచి, ప్రదక్షిణ దారిలోకి వచ్చాక ఆనందనిలయం మీద వెండి మకరతోరణంలో ఉన్న విమాన వేంకటేశ్వరుణ్ణి వెతికి చూడండి. లోపల ఏదైనా చూపుకు అందకుండా పోయి ఉంటే అక్కడ మళ్ళీ పాదాల నుంచి మొదలుపెట్టవచ్చు.